మూడు లైన్ల ఉత్తర్వు: ఒక ప్రొబేషనర్ డిశ్చార్జ్ కేసు

ఈ కేసు అన్ని దశలూ దాటింది, క్లయింటు సరేనన్నాడు కాబట్టి రాస్తున్నాను. శాఖ, జిల్లా, తేదీలు చెప్పను. చట్టం పాయింటుకు వాటితో పని లేదు. ఆంధ్రప్రదేశ్‌లో ఒక ప్రభుత్వ కార్యాలయం, అందులో ఏపీపీఎస్సీ ద్వారా ఎంపికై వచ్చిన ఒక జూనియర్ అసిస్టెంట్, అతని ప్రొబేషన్ (ఉద్యోగంలో ఖాయం చేసే ముందు పనితీరు చూసే కాలం) ఇంకా పూర్తి కాలేదు. ఇంతవరకు తెలిస్తే చాలు.

ఉత్తర్వు పాఠం ఇది: "ప్రొబేషన్ కాలంలో పనితీరు సంతృప్తికరంగా లేనందున, సర్వీసు నిబంధనల ప్రకారం సదరు ఉద్యోగి ప్రొబేషన్‌ను ముగించి, సర్వీసు నుంచి డిశ్చార్జ్ చేయడమైనది." అంతే. దొంగతనం అనలేదు, నిర్లక్ష్యం అనలేదు, మెమోల ప్రస్తావన లేదు. బయటివాళ్లు చదివితే పాపం పని రాలేదేమో, పంపించేశారు అనుకుంటారు.

నేను అలాంటి ఉత్తర్వు చేతికొస్తే మొదట చూసేది ఆ మూడు లైన్లను కాదు. వాటికి పైన చిన్న అక్షరాల్లో ఉండే రిఫరెన్సులను. ఇందులో మూడున్నాయి. ఒకటి నియామక ఉత్తర్వు. రెండోది జాయినింగ్ రిపోర్టు. మూడోది, "సూపరింటెండెంట్ వారి రిపోర్టు", దానికో నంబరు, తేదీ. ఆ తేదీకీ డిశ్చార్జ్ తేదీకీ మధ్య వారం కూడా లేదు. కేసు ఉందని నాకు అనిపించింది అక్కడే.

"ఆ రిపోర్టు నీకు ఇచ్చారా?" అని అడిగాను. "అలాంటిదొకటి ఉందనే తెలీదు సార్" అన్నాడు.

జరిగింది ఏమిటంటే, కౌంటర్‌లో వసూలైన ఫీజులకూ చలానాలకూ లెక్క కుదరలేదు. తేడా ₹20 వేల లోపే. ఒక రసీదు పుస్తకం కనపడలేదు. ఆడిట్ పార్టీ వస్తుందనగా ఆఫీసులో టెన్షన్ మొదలైంది. సూపరింటెండెంట్ ఇద్దరు తోటి ఉద్యోగుల దగ్గర స్టేట్‌మెంట్లు రాయించుకున్నారు. మా క్లయింటును పిలిచి నోటిమాటగా నాలుగు ప్రశ్నలు అడిగారు, అతని చేత ఏమీ రాయించలేదు. అతనికి మెమో ఇవ్వలేదు, షోకాజ్ (చర్య ఎందుకు తీసుకోకూడదో చెప్పమనే నోటీసు) లేదు. తర్వాత పై అధికారికి రిపోర్టు వెళ్లింది. ఉత్తర్వు వచ్చింది.

అతని తండ్రి మొదటిరోజు నుంచి ఒకటే మాట పట్టుకున్నాడు: "వాడు డబ్బు ముట్టలేదు బాబూ, అది కోర్టులో చెప్పండి." డబ్బు ముట్టాడా లేదా అన్నది మనం రిట్‌లో (ప్రభుత్వ చర్యను సవాలు చేస్తూ హైకోర్టులో వేసే పిటిషన్‌లో) తేల్చుకోలేమని ఆయనకు నచ్చజెప్పడానికి చాలా ఓపిక పట్టాల్సి వచ్చింది. హైకోర్టు ముందు ఉన్న ప్రశ్న వేరు. డబ్బు ముట్టాడనే అనుమానంతో తీసేసి, ఆ మాట అతని ముఖాన అనకుండా, జవాబు చెప్పనివ్వకుండా తీసేయవచ్చా అన్నది ప్రశ్న.

రాజ్యాంగం ఏమంటుంది

బ్రిటిష్ కాలంలో ఉద్యోగి కొలువు రాజు ఇష్టం మీద ఉండేది. ఆ సూత్రం పూర్తిగా పోలేదు. ఆర్టికల్ 310 ప్రకారం ఇప్పటికీ కేంద్ర ఉద్యోగి రాష్ట్రపతి ఇష్టం ఉన్నంతకాలం, రాష్ట్ర ఉద్యోగి గవర్నరు ఇష్టం ఉన్నంతకాలం పదవిలో ఉంటారు. అయితే ఆ ఇష్టానికి పక్కనే ఆర్టికల్ 311 కంచె వేసింది. 1935 భారత ప్రభుత్వ చట్టంలోని 240వ సెక్షన్ దీనికి పూర్వరూపం. కంచెలో రెండు ముఖ్యమైన కట్టుబాట్లున్నాయి. నియమించిన అధికారికి కింది స్థాయివాడు డిస్మిస్ గానీ రిమూవ్ గానీ (రెండూ ఉద్యోగం నుంచి తొలగించే శిక్షలే) చేయకూడదు. ఇక రెండోది: ఆరోపణలేమిటో చెప్పి, వాటిపై తన మాట వినిపించుకోవడానికి తగిన అవకాశం ఇచ్చి, విచారణ జరిపాక తప్ప డిస్మిస్, రిమూవ్ చేయకూడదు, హోదా తగ్గించకూడదు. మినహాయింపులు మూడే. క్రిమినల్ కేసులో శిక్ష పడటానికి కారణమైన ప్రవర్తన, విచారణ జరపడం ఆచరణలో సాధ్యం కాదని కారణాలు రాతపూర్వకంగా నమోదు చేయడం, రాజ్య భద్రత. 1985లో తులసీరామ్ పటేల్ కేసులో సుప్రీంకోర్టు ఈ మినహాయింపులను గట్టిగానే సమర్థించింది. మా కేసులో వాటి ఊసు ఎవరూ ఎత్తలేదు.

ఇక్కడ చాలామంది పొరబడతారు. ప్రభుత్వ ఉద్యోగిని తీయకూడదని రాజ్యాంగం అనడం లేదు. తప్పు చేశాడని తీస్తే ఆ తప్పు చెప్పి తీయమంటోంది. మరి తప్పు అని అనకుండా తీస్తే? అసలు చిక్కంతా అక్కడే. శాశ్వత ఉద్యోగి విషయంలో జవాబు ఎప్పుడో వచ్చేసింది. నోటీసు ఇచ్చి, కారణం చెప్పకుండా పర్మనెంట్ ఉద్యోగిని పంపించే రైల్వే రూల్స్ 148(3), 149(3)ని 1963 డిసెంబరులో మోతీరామ్ డేకా కేసులో సుప్రీంకోర్టు కొట్టేసింది. పర్మనెంట్ ఉద్యోగికి రిటైర్మెంట్ దాకా ఆ పోస్టు మీద హక్కు ఉంటుంది, దాన్ని మధ్యలో తెంచడమంటే రిమూవల్ కిందే లెక్క అన్నది ఆ తీర్పు సారం.

ప్రొబేషనర్‌కు ఆ హక్కు ఉండదు. మన స్టేట్ అండ్ సబార్డినేట్ సర్వీస్ రూల్స్ ప్రకారం నేరుగా చేరినవాడు మూడేళ్ల నిరంతర కాలంలో రెండేళ్ల డ్యూటీ పూర్తిచేయాలి. ఈ లోపు పనికిరాడనుకుంటే పంపేయవచ్చు. అది శిక్ష కాదు, పరీక్షలో నెగ్గలేదని చెప్పడం మాత్రమే. 1957 నవంబరులో పర్షోత్తం లాల్ ధింగ్రా కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన రెండు కొలబద్దలు ఇప్పటికీ వాడతాం: ఆ పోస్టు మీద ఉద్యోగికి హక్కు ఉందా, లేకపోయినా తొలగింపు వల్ల అతని మీద శిక్షలాంటి దుష్ఫలితాలు పడుతున్నాయా. ప్రొబేషనర్, టెంపరరీ ఉద్యోగి కూడా రెండో కొలబద్ద కింద 311 రక్షణ అడగవచ్చు. ఇంతా చేసి ధింగ్రా ఆ కేసు ఓడిపోయాడు, ఆ సంగతి ఎవరికీ గుర్తుండదు.

ముసుగు తీయడం

కోర్టులు ఉత్తర్వు పదాల దగ్గర ఆగిపోతే అధికారుల పని చాలా తేలిక. ఎవరినైనా "పనితీరు సంతృప్తికరంగా లేదు" అని పంపేయవచ్చు. 1974లో శంషేర్ సింగ్ కేసులో ఏడుగురు జడ్జిల ధర్మాసనం రూపం కాదు, సారం చూడాలంది. అందులో పంజాబ్ జ్యుడీషియల్ సర్వీసుకు చెందిన ఒక ప్రొబేషనర్ మీద విజిలెన్స్‌తో చాటుగా విచారణ చేయించి, తర్వాత మామూలు మాటలతో పంపేశారు. కోర్టు దాన్ని శిక్షగానే చూసింది.

మనకు దగ్గరి ఉదాహరణ 1984 నాటి అనూప్ జైస్వాల్ కేసు. హైదరాబాద్ నేషనల్ పోలీస్ అకాడమీలో ఐపీఎస్ ప్రొబేషనర్లు వాన పడిన ఒక ఉదయం శిక్షణకు ఆలస్యంగా చేరారు. దానికి నాయకత్వం వహించాడన్న అనుమానం ఒకరి మీద పడింది. డిశ్చార్జ్ ఉత్తర్వులో మాత్రం ఆ ఊసే లేదు. సుప్రీంకోర్టు ఉత్తర్వు వెనక్కి వెళ్లి చూసి, అసలు కారణం ఆ ఉదయం జరిగిందేనని, అది దుష్ప్రవర్తన ఆరోపణేనని, విచారణ లేకుండా చెల్లదని తేల్చింది.

వీటి తర్వాత మేం ఎక్కువగా ఆధారపడింది 1990ల చివర వచ్చిన రెండు తీర్పుల మీద. రాధేశ్యామ్ గుప్తా, దీప్తి ప్రకాశ్ బెనర్జీ. రెండూ రాసింది ఆంధ్రప్రదేశ్ హైకోర్టు నుంచి వెళ్లిన జస్టిస్ ఎం. జగన్నాధరావు గారు. సర్వీస్ లాయర్లు ఈ రెండూ పూర్తిగా చదవాలి, హెడ్‌నోట్ (తీర్పు మొదట్లో ఇచ్చే సారాంశం) చాలదు. తొలగింపు వెనక ఉన్న ఆరోపణ కేవలం ప్రేరణా, లేక పునాదా అన్న గీతను అంత శుభ్రంగా గీసినవి తక్కువ. ఆరోపణలు వచ్చాయి, వాటి నిజానిజాలు తేల్చే ఉద్దేశం యజమానికి లేదు, ఈ గొడవలున్న మనిషి వద్దనుకుని పంపేశాడు: ఇది ప్రేరణ, ఉత్తర్వు నిలుస్తుంది. ఆరోపణలు వచ్చాయి, ఉద్యోగి చాటున సాక్షుల్ని అడిగాడు, తప్పు చేశాడని నిర్ధారణకు వచ్చాడు, ఆ నిర్ధారణ మీదే పంపేశాడు: ఇది పునాది, విచారణ లేకపోతే ఉత్తర్వు పోతుంది. రాధేశ్యామ్ గుప్తాలో జరిగింది ఈ రెండోదే. దీప్తి ప్రకాశ్‌లో ఇంకో మాట ఉంది. మచ్చ, అంటే ఉద్యోగి పేరు చెడగొట్టే మాట, ఉత్తర్వులోనే ఉండనక్కర్లేదు, ఉత్తర్వులో ప్రస్తావించిన కాగితాల్లో ఉన్నా చాలు. రేపు ఇంకో ఉద్యోగానికి వెళ్తే వాళ్లు ఆ కాగితాలు అడగవచ్చు కదా. నేను రిఫరెన్సుల వైపు ముందు చూసేది అందుకే.

ఫైలు కోసం

రిట్ వేయకముందే సమాచార హక్కు చట్టం కింద రెండు అడిగించాం. సూపరింటెండెంట్ రిపోర్టు, దానితో జతచేసిన స్టేట్‌మెంట్లు ఒకటి. డిశ్చార్జ్‌కు సంబంధించిన నోట్ ఫైలు (ఆఫీసులో అభిప్రాయాలు, ఆమోదాలు రాసుకునే ఫైలు) రెండోది. నోట్ ఫైలు అని విడిగా రాయకపోతే కరెంట్ ఫైలు (ఉత్తరప్రత్యుత్తరాల ఫైలు) కాపీలు ఇచ్చి చేతులు దులుపుకుంటారు. మొదట ఆ చట్టంలోని 8(1)(హెచ్) సెక్షన్ కింద, దర్యాప్తుకు ఆటంకమని తిరస్కరించారు. దర్యాప్తే లేదు, మనిషిని తీసేశారు కూడా, ఇంకా దేనికి ఆటంకం? ఆ ఒక్క ప్రశ్నతో మొదటి అప్పీలు వేస్తే కాపీలు వచ్చాయి.

నోట్ ఫైల్లో సెక్షన్ క్లర్కు రాసిన పేరా మొత్తం కేసును మోసింది. భావం ఇది: సొమ్ము లోటుకు ఇతనే బాధ్యుడని రిపోర్టులో తేలింది, సీసీఏ రూల్స్ (ఉద్యోగులపై క్రమశిక్షణ చర్యల నిబంధనలు) కింద విచారణ పెడితే సమయం పడుతుంది, ఇతను ఇంకా ప్రొబేషన్‌లోనే ఉన్నాడు కనుక డిశ్చార్జ్ చేయవచ్చు. దాని కింద సూపరింటెండెంట్ సంతకం, ఆ కింద అధికారి ఆమోదం.

ఇది రాసిన వ్యక్తి మీద నాకు కోపం రాలేదు. చాలా ఆఫీసుల్లో ఇలాంటి ఉత్తర్వుల వెనక కక్ష కంటే బద్ధకం, ఆడిట్ భయం ఎక్కువ. 1991 సీసీఏ రూల్స్‌లోని 20వ రూలు ప్రకారం వెళ్లాలంటే చార్జ్ మెమో తయారుచేయాలి, ఏ కాగితాల మీద, ఏ సాక్షుల మీద ఆధారపడుతున్నారో జాబితా ఇవ్వాలి, ఎంక్వయిరీ ఆఫీసర్‌ను, ప్రెజెంటింగ్ ఆఫీసర్‌ను వేయాలి, క్రాస్ ఎగ్జామినేషన్‌కు అవకాశం ఇవ్వాలి. అంత పని ఎవరు నెత్తిన వేసుకుంటారు? ప్రొబేషన్ రూలు దగ్గరి దారిలా కనిపిస్తుంది. అయినా ఆ క్లర్కు నిజాయితీగా మనసులో మాట రాయకపోతే మా పని చాలా కష్టమయ్యేది.

ఇంకో ఆధారం క్లయింటు దగ్గరే దొరికింది. ప్రొబేషన్ మదింపు రిపోర్టుల్లో అన్నిటా "సంతృప్తికరం" అనే ఉంది, చివరిది కూడా. రిపోర్టు రాసిన అధికారే కొద్దికాలానికి పనితీరు బాగాలేదంటే ఆ మధ్యలో ఏం జరిగిందని కోర్టు అడుగుతుంది.

కోర్టులో

రాష్ట్ర ఉద్యోగులకు ఒకప్పుడు ట్రిబ్యునల్ ఉండేది. ఇప్పుడు ఆంధ్రప్రదేశ్‌లోనూ తెలంగాణలోనూ లేదు కనుక ఆర్టికల్ 226 కింద నేరుగా హైకోర్టుకే. అడ్మిషన్ రోజున జీపీ (ప్రభుత్వ ప్లీడరు) శాఖలో అపీలు ఉందిగా, ముందు అక్కడికి వెళ్లమనండి అన్నారు. సహజ న్యాయ సూత్రాలకు భంగం కలిగినప్పుడు ప్రత్యామ్నాయ మార్గం ఉన్నా రిట్ వినవచ్చని 1998 వర్ల్‌పూల్ తీర్పు ఉంది, జడ్జిగారు దాని మీద ఎక్కువసేపు ఉండలేదు. మధ్యంతర ఉత్తర్వు మాత్రం ఇవ్వలేదు. ఇలాంటి కేసుల్లో డిశ్చార్జ్‌ను ఆపితే తుది తీర్పు ముందే ఇచ్చినట్టవుతుందని చాలా బెంచీల అభిప్రాయం. అది తప్పని నేననను. కానీ జీతం లేని క్లయింటుకు ఆ సాయంత్రం ఫోన్లో వివరించడం వేరే పని. "మనం ఓడిపోయినట్టేనా సార్?" అంటాడు. కాదు, వాయిదా పడింది.

శాఖ నుంచి కౌంటర్ అఫిడవిట్ (మా పిటిషన్‌కు జవాబు) వచ్చింది. ఒక పేరాలో ఇది మామూలు డిశ్చార్జేనని, ఏ మచ్చా లేదని రాశారు. నాలుగు పేరాల తర్వాత, పిటిషనర్ ప్రభుత్వ సొమ్ము వాడుకున్నట్టు ప్రాథమిక విచారణలో రుజువైంది కనుక సానుభూతికి అర్హుడు కాదని రాశారు. మా జూనియర్ సంబరపడిపోయి, కౌంటర్‌తోనే కేసు గెలిచేశామంది. కాదు. 2001లో పవనేంద్ర నారాయణ్ వర్మ కేసులో సుప్రీంకోర్టు ఈ దారిని మూసింది. అఫిడవిట్‌లో కొత్త కారణాలు చేర్చి ఉత్తర్వును బాగుచేసుకోలేనట్టే, సక్రమంగా ఉన్న ఉత్తర్వు అఫిడవిట్‌లో ఏదో రాసినందువల్ల చెడిపోదు కూడా. జీపీ సరిగ్గా ఆ పేరానే చదివారు. కౌంటర్ రాసింది వేరే అధికారి, ఉత్తర్వు ఇచ్చింది వేరే అధికారి, అప్పటి మనసు ఇప్పటి కౌంటర్‌తో ఎలా తెలుస్తుంది అన్నారు. మంచి వాదనే.

ఇక్కడే నోట్ ఫైలు అక్కరకొచ్చింది. అది ఉత్తర్వు పుట్టిన రోజునాటి కాగితం, ఉత్తర్వు ఇచ్చిన అధికారే దాని మీద సంతకం చేశారు. అప్పటి మనసు ఏమిటో అందులో ఉంది.

పవనేంద్ర తీర్పులో మూడు షరతులున్నాయి. పూర్తిస్థాయి విచారణ జరగడం, అది నైతిక పతనం లేదా దుష్ప్రవర్తన గురించి కావడం, చివరికి తప్పు చేశాడని తేల్చడం. మూడూ ఉంటే అది శిక్షే, ఉత్తర్వు ఏ మాటలతో ఉన్నా. ఒకటి లేకపోతే డిశ్చార్జ్ నిలుస్తుంది. ఇక్కడ పూర్తిస్థాయి విచారణ ఎక్కడుంది, ఇద్దరి స్టేట్‌మెంట్లేగా అన్నది జీపీ ప్రధాన వాదన. మా జవాబు: విచారణ పెట్టకపోవడమే మా ఫిర్యాదు, ఆ పెట్టకపోవడాన్నే మీరు రక్షణగా చూపిస్తే ఇక 311 ఎవరికి పనికొస్తుంది? చాటున సాక్షుల్ని అడిగి తప్పు తేల్చేసిన రిపోర్టు మీద నేరుగా చర్య తీసుకుంటే అదే పునాది అని రాధేశ్యామ్ గుప్తా చెప్పింది. ఆ తీర్పును, దీప్తి ప్రకాశ్‌ను పవనేంద్ర పక్కన పెట్టలేదు. విచారణ స్థాయి కంటే, తప్పు తేల్చిన మాట ఉందా, ఆ మాటే తొలగింపుకు కారణమా అన్నది చూడాలని వాదించాం.

జడ్జిగారు రికార్డు తెప్పించి చూశారు. జీపీని ఒకటే అడిగారు: "రిపోర్టు రాకపోయి ఉంటే ఈ ఉత్తర్వు వచ్చేదా?" జీపీ పనితీరు గురించి ఏదో చెప్పబోయారు. మదింపు రిపోర్టులు తెరిచి ఉన్నాయి. మరి మాట్లాడలేదు.

తీర్పు, ఆ తర్వాత

డిశ్చార్జ్ రద్దయింది. తిరిగి ఉద్యోగంలోకి తీసుకోవాలి. శాఖ కావాలంటే 20వ రూలు ప్రకారం చార్జ్ మెమో ఇచ్చి విచారణ జరుపుకోవచ్చు. మధ్యకాలం జీతం సంగతి ఆ విచారణ ఫలితాన్ని బట్టి నిర్ణయించాలి. క్లయింటు తండ్రికి తీర్పులో చివరి రెండు మాటలు అసలు నచ్చలేదు. "గెలిచాక మళ్లీ విచారణేంటి?" అన్నారు. మేం గెలిచిందే విచారణ హక్కు. అది జరగకుండా ఉండాలని మేం కోరలేదు, కోరినా రాదు. ఇలాంటి రిట్ వేసే ముందే క్లయింటుకు ఈ మాట చెప్పి తీరాలి. తప్పు నిజంగా చేసినవాడికి ఈ గెలుపు వల్ల ఒరిగేది కాస్త సమయమే.

అమలు దగ్గర శాఖ నాన్చింది. కోర్టు ధిక్కార పిటిషన్ నోటీసు అందాక జాయినింగ్ ఇచ్చి, అదే రోజు సస్పెండ్ చేసి, చార్జ్ మెమో చేతిలో పెట్టారు. ఇందులో కక్ష సాధింపు ఉందని క్లయింటు అనుకున్నాడు గానీ, చట్టప్రకారం వాళ్లు చేయగలిగిందే చేశారు. కనీసం జీవన భృతి మొదలైంది.

విచారణే ఈ కథలో నాకు ఎక్కువ నచ్చిన భాగం, కోర్టు కంటే. మొదటిసారి ఆ ఇద్దరు ఉద్యోగులు మా క్లయింటు ఎదుట కూర్చుని ప్రశ్నలకు జవాబు చెప్పాల్సి వచ్చింది. రసీదు పుస్తకాల స్టాక్ రిజిస్టరు బయటికొచ్చింది. కనపడకుండా పోయిన పుస్తకం ఆ కాలంలో అతని పేరు మీద ఇష్యూ కాలేదు. అది ఎవరి సంతకంతో వెళ్లిందో రిజిస్టర్లో స్పష్టంగా ఉంది. సూపరింటెండెంట్ రిపోర్టు రాసేటప్పుడు ఆ రిజిస్టరు తెరవనేలేదని క్రాస్‌లో ఒప్పుకున్నారు. అయితే రోజువారీ వసూళ్లను మర్నాటికల్లా జమచేయాల్సి ఉండగా కొన్నిసార్లు రెండు మూడు రోజులు ఆలస్యం చేశాడన్న రెండో అభియోగం రుజువైంది. అది నిజమే, అతనే ఒప్పుకున్నాడు.

ఎంక్వయిరీ రిపోర్టు కాపీ ఇచ్చి, దాని మీద అతని అభ్యంతరాలు తీసుకున్నాకే తుది ఉత్తర్వు ఇచ్చారు. ఆ కాపీ ఇవ్వడం మర్యాద కోసం కాదు. 1993లో హైదరాబాద్ ఈసీఐఎల్‌కు చెందిన కరుణాకర్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం అది ఉద్యోగి హక్కని తేల్చింది. 42వ సవరణ తర్వాత ఏ శిక్ష వేయబోతున్నారో రెండో నోటీసు ఇవ్వనక్కర్లేదు గానీ, రిపోర్టు మాత్రం ఇవ్వాల్సిందే. చివరికి పడిన శిక్ష ఒక ఇంక్రిమెంటు నిలుపుదల, క్యుములేటివ్ ఎఫెక్ట్ (తర్వాతి ఇంక్రిమెంట్ల మీద ప్రభావం) లేకుండా. తర్వాత ప్రొబేషన్ డిక్లేర్ చేశారు. మధ్యకాలాన్ని ఎఫ్.ఆర్. (ఫండమెంటల్ రూల్స్) 54-ఎ కింద డ్యూటీగా లెక్కించి జీతం చెల్లించడానికి మాత్రం ఇంకో విడత ఉత్తరాలు నడిచాయి.

ఎవరికి ఇది వర్తించదు

ఈ తీర్పు విని వచ్చినవాళ్లలో చాలామందిని నేను వెనక్కి పంపాను. పరీక్షలు పాసవ్వలేదు, పని నేర్చుకోలేదు, మెమోలు ఇచ్చినా మారలేదు, అందుకని పంపేశారు అంటే అది ప్రొబేషన్ అసలు ఉద్దేశమే. ఉత్తర్వులో "పనితీరు బాగాలేదు" అన్న మాట ఉన్నంతమాత్రాన మచ్చ పడినట్టు కాదని పవనేంద్ర స్పష్టంగా చెప్పింది. ఆ కేసు వేసిన ఉద్యోగి ఓడిపోయాడు కూడా. ఫైల్లో దుష్ప్రవర్తన జాడ లేకుండా ముసుగు, ముసుగు అని వాదిస్తే ఖర్చులతో కొట్టేయించుకోవడమే.

కార్పొరేషన్లు, ప్రభుత్వ కంపెనీల ఉద్యోగులకు ఆర్టికల్ 311 వర్తించదు, వాళ్లు సివిల్ పోస్టులో లేరు. కానీ చేతులు ఖాళీగా ఏమీ లేవు. ఆర్టికల్ 12 కింద ఆ సంస్థ ప్రభుత్వమే కనుక ఆర్టికల్ 14 వర్తిస్తుంది. 1986లో సెంట్రల్ ఇన్‌లాండ్ వాటర్ ట్రాన్స్‌పోర్ట్ కేసులో మూడు నెలల జీతం చేతిలో పెట్టి పర్మనెంట్ ఉద్యోగిని కారణం లేకుండా పంపే రూలును సుప్రీంకోర్టు కొట్టేసింది. 1990 సెప్టెంబరులో ఢిల్లీ ట్రాన్స్‌పోర్ట్ కార్పొరేషన్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం 4-1 మెజారిటీతో అలాంటి 9(బి) రెగ్యులేషన్‌నూ రద్దు చేసింది. ముగ్గురు ఉద్యోగులను అలా తీసేసిన కేసు అది. భిన్నాభిప్రాయం రాసింది ప్రధాన న్యాయమూర్తి సబ్యసాచి ముఖర్జీ. రూలును పూర్తిగా కొట్టేయకుండా, పరిమిత సందర్భాలకు కుదించి చదివితే చాలని ఆయన అభిప్రాయం. ఆ రూలు ఎవరిని కావాలంటే వారిని ఏరి తీసేయడానికి వీలిస్తుంది కనుక అందులోనే వివక్ష ఉందన్న మెజారిటీ మాటే నాకు సరిగ్గా అనిపిస్తుంది. మంచి అధికారి చేతిలో రూలు బాగానే పనిచేస్తుందన్నది రూలుకు సమర్థన కాదు. ఏపీఎస్‌ఆర్టీసీ సిబ్బంది 2020 జనవరి 1 నుంచి ప్రభుత్వ ఉద్యోగులయ్యారు కాబట్టి వాళ్ల పిటిషన్లలో ఇప్పుడు రాయాల్సింది ఆర్టికల్ 311. పాత డ్రాఫ్టు ఎత్తిరాస్తే తంటా.

కాంట్రాక్టు ఉద్యోగులది బలహీనమైన పరిస్థితి. గడువు తీరాక పొడిగించకపోతే ప్రశ్నించడం కష్టం. 2006 ఉమాదేవి తీర్పు తర్వాత రెగ్యులరైజేషన్ ఆశ కూడా సన్నగిల్లింది. గడువు మధ్యలో, దొంగతనం చేశాడనో లంచం తీసుకున్నాడనో రాసి తీసేస్తే మాత్రం నోటీసు లేకుండా మచ్చ వేశారన్న వాదన ఉంటుంది. ఔట్‌సోర్సింగ్ వాళ్ల విషయంలో యజమాని ఎవరన్న దగ్గరే కేసు ఇరుక్కుంటుంది. అది వేరే పెద్ద వ్యవహారం.

ఒక సంగతి మాత్రం ఈ కేసులో రికార్డుకెక్కలేదు. ఉత్తర్వుకు ముందురోజు సాయంత్రం ఆఫీసులో ఒకాయన క్లయింటును పక్కకు పిలిచి, "రాజీనామా రాసిచ్చెయ్, రికార్డు శుభ్రంగా ఉంటుంది" అని సలహా ఇచ్చాడట. రాసిచ్చి ఉంటే మేం చేయగలిగింది చాలా తక్కువ. రాజీనామా తొలగింపు కాదు, దానికి 311 లేదు, బలవంతంగా రాయించుకున్నారని రుజువు చేసే బరువు ఉద్యోగి మీదే పడుతుంది. ఒకవేళ ఒత్తిడిలో ఇప్పటికే రాసిచ్చేసి ఉంటే, దాన్ని ఆమోదించే లోపే ఉపసంహరించుకుంటున్నానని రాతపూర్వకంగా ఇచ్చి, ఇన్‌వార్డ్ నంబరు వేయించుకోవాలి. ఆ కాగితం తీసుకోకపోతే అదే రోజు స్పీడ్ పోస్టులో పంపాలి, ఈమెయిల్ కూడా పెట్టాలి. ఆమోదం అయిపోయాక వస్తే లాయరు చేతిలో మిగిలేది తక్కువే.